శ్రుతి దించనన్న మనిషి

నిన్న కూరగాయల కొట్లో, ధర తగ్గించి పక్కన పెట్టిన టమాటాలు ఏరుకుంటుంటే సీలింగులోని స్పీకర్లోంచి ఆయన పాట వచ్చింది. ఆ పాట నాకు మొదటినుంచి చివరిదాకా తెలుసు. రెండో చరణం అయ్యాక ఒక అరుపు ఉంటుంది. వస్తుందని తెలిసి కూడా ఉలిక్కిపడి చేతిలో టమాటా నొక్కేశాను. నేను నొక్కిన దాన్ని అక్కడే వదిలేసి రావడం నాకు చేతకాదు కనక, కొని తెచ్చి పులుసులో పడేశాను. పోయి కూడా నా చేత ఖర్చు పెట్టిస్తున్నాడు మహానుభావుడు.

ఫిబ్రవరిలో పోయాడు. టొరంటో దగ్గర హామిల్టన్‌లో మేముండే అపార్ట్‌మెంటులో మా పక్క తలుపు ఆయనది. ఇంగ్లండు మనిషి. వయసులో ఉండగా రాక్ బ్యాండుల్లో పాడాడు, తర్వాత ఒక్కడే పాడాడు. పేరు రాయను. రాస్తే “అబ్బో, ఆయనా!” అనేవాళ్ళు కొందరు, “ఎవరాయన?” అనేవాళ్ళు కొందరు బయల్దేరతారు. మొదటి మాటకు ఆయన సిగ్గుపడేవాడు, రెండో మాటకు కోపం తెచ్చుకునేవాడు. రెండూ నేను పడ్డాను. చాలు.

మొదట చూసింది కింద బట్టలుతికే గదిలో. అక్కడున్న పెద్ద డ్రయ్యర్లో ఒకే ఒక్క చొక్కా గిరగిరా తిరుగుతోంది. ఎవరిదబ్బా ఈ భోగం అని చూస్తే, నెరిసిన జుట్టు భుజాల మీద వదిలేసి, మెడకు ఉన్ని మఫ్లరు చుట్టుకుని, ఒక పొడుగాటి మనిషి బెంచీ మీద కళ్ళు మూసుకుని మూలుగుతున్నాడు. నడివేసవి. జబ్బు మనిషేమో అనుకున్నాను. అది మూలుగు కాదు, గొంతు సాధకం అని తర్వాత తెలిసింది.

“వన్ షర్ట్? వన్ మెషీన్?” అన్నాను.

“పట్టు చొక్కా, లవ్. మిగతావాటితో కలిపితే పాడవుతుంది” అన్నాడు కళ్ళు తెరిచి.

పట్టుబట్టను డ్రయ్యర్లో వేసే మనిషికి బుద్ధి చెప్పడానికి నాకు ఇంగ్లీషు చాలలేదు. పైగా ఆ లవ్ ఒకటి. మనవలున్న దాన్ని, ముక్కూ మొహం తెలియని దాన్ని పట్టుకుని ఆ మాటేమిటి? తడిబట్టలు బుట్టలో వేసుకుని పైకి వచ్చేశాను. మా అమ్మాయి ఇక్కడ ఆసుపత్రిలో ల్యాబులో పని చేస్తుంది. నా మాట విని పడీ పడీ నవ్వింది.

“అమ్మా, వాళ్ళ ఊళ్ళో కూరగాయలమ్మే ఆవిడ కూడా అందర్నీ అలాగే పిలుస్తుందే. ఇట్ మీన్స్ నథింగ్.”

“వాళ్ళ ఊళ్ళో పిలుచుకోమను. ఇది మా ఊరు” అన్నాను. నేను హామిల్టన్‌ను మా ఊరు అనడం ఆ రోజే మొదలు.

మా అమ్మాయి వెళ్ళి ఏం చెప్పిందో, ఆ తర్వాత ఆయన లవ్ మానేశాడు. బిల్డింగులో ఉన్న తెలుగు పిల్లలు, కాలేజీలో చదువుతూ సాయంత్రాలు పనులకు వెళ్ళేవాళ్ళు, నన్ను ఆంటీ అంటారు కదా, అది నా పేరనుకున్నాడు. పోస్టు తెచ్చే మనిషికి నన్ను చూపించి “ఈమె నా పక్కింటామె. పేరు ఆంటీ” అని పరిచయం చేశాడు. ఆయన నాకంటే పెద్ద. దిద్దుదామనుకుని, పోనీ లవ్ కంటే నయం కదా అని ఊరుకున్నాను. చివరిదాకా అదే నా పేరు. (ఆయన మాటలన్నీ ఇంగ్లీషువే. నాకు అర్థమైన తెలుగులో రాస్తున్నాను. అర్థం కానివి మా అమ్మాయి చెప్పింది.)

ఆయనతో పడలేని విషయాలు రాయాలంటే చాలా ఉన్నాయి. ఇంట్లో అన్ని లైట్లూ వేసి తలుపు తీసి పెట్టుకునేవాడు. గొంతుకు మిరియాలు, శొంఠి కషాయం కాచి ఇస్తే, అందులో గిన్నెడు పంచదార పోసుకుని “మందులా లేదు ఆంటీ, చాలా బావుంది” అనేవాడు. మందులా ఉండాలనే కదా కాచింది! నేను కడిగి దాచుకున్న పెరుగు డబ్బాల్లో కూర పెట్టి ఇస్తే డబ్బా తిరిగి వచ్చేది కాదు. అడిగితే చెత్తలో వేశానని చెప్పేవాడు, నాకేదో సాయం చేసినట్టు.

అన్నిటికంటే ఒళ్ళు మండేది ఆయన లేచిపోవడం. దేన్నీ చివరిదాకా ఉంచడు. పేకాటలో ముక్కలు బల్ల మీద పడేసి లేచిపోతాడు. భోజనానికి పిలిస్తే సగం కంచంలో వదిలి లేచిపోతాడు. డాక్టరు మాట్లాడుతుంటే లేచి వచ్చేశాడని, వెంట వెళ్ళిన మా అమ్మాయే చెప్పింది. ఆయన బ్యాండుల కథ కూడా నాకు అలాగే తెలిసింది, వరసగా లేచిపోవడాలుగా.

మొదటి బ్యాండు చిన్నప్పటి స్నేహితులది. ఓడలు కట్టే ఊళ్ళో పక్కపక్క ఇళ్ళ కుర్రాళ్ళు. ఈ కొట్లో వినిపించే పాట ఆ బ్యాండులో పాడిందే. దేశమంతా మోగిపోయింది. కొన్నాళ్ళకు గిటార్ వాయించే స్నేహితుడితో మాటా మాటా అనుకుని లేచిపోయాడు. రెండో బ్యాండులో అంతకుముందు పాడేవాడు చనిపోతే ఈయన్ని తెచ్చుకున్నారు. జనం చనిపోయినవాడి పేరే పెట్టి కేకలేస్తున్నారని, ఏదో ఊళ్ళో రైల్వే స్టేషన్లో దిగిపోయాడు. ఆ తర్వాత తన పేరు మీదే సొంతంగా రికార్డులు. ఒకదాని అట్ట గోడకు తగిలించి ఉండేది. అందులో తలంటి పోసుకుని జుట్టు ఆరబెట్టుకుంటున్న ఆడపిల్లలా ఉంటాడు. తన కింద పనిచేసే బ్యాండునూ వదిలేశాడట.

“సొంత బ్యాండులోంచి ఎలా లేచిపోయావయ్యా?” అన్నాను.

“వాళ్ళందరూ ఒకవైపు అయ్యారు ఆంటీ. నేను ఒకవైపు.”

తర్వాత విహారానికి వెళ్ళే పెద్ద ఓడల్లో పాడాడు. అక్కడ మాత్రం చాలాకాలం ఉన్నాడని విని ఆశ్చర్యపోయాను.

“సముద్రం మధ్యలో లేచి ఎక్కడికి పోతాను?” అన్నాడు. అది జోకని కూడా ఆయనకు తెలియదు. నిజమే చెప్పాడు.

వీటిలో చాలా లేచిపోవడాల వెనక ఉన్నది ఒకటే. శ్రుతి. ఆ పాట ఏ ఎత్తున రికార్డయిందో ఆ ఎత్తునే పాడాలి. కాస్త దించుదామని ఎవరైనా అంటే అంతే, చొక్కా భుజాన వేసుకునేవాడు. గొంతుకు ఒకసారి ఆపరేషన్ అయింది. మళ్ళీ బలవంతం చేస్తే ఉన్న గొంతు కూడా పోతుందని డాక్టరు చెప్పాడు. ఆయన లేచొచ్చింది ఆ మాట దగ్గరే.

రోజూ పొద్దున నేను పాలు కాచే వేళకు ఆయన తన బాత్‌రూములో మొదలుపెట్టేవాడు. మా వంటింటికీ దానికీ మధ్య ఒక్కటే గోడ. పాట ఎక్కుతుంది, ఎక్కుతుంది, ఆ అరుపు దగ్గరికి వచ్చేసరికి గొంతు చీరుకుపోతుంది. ఏదో విసిరిన చప్పుడు. మళ్ళీ మొదటినుంచి. ఆ చీరుకుపోయే చోట నేను పాలు పొంగబెట్టిన రోజులున్నాయి. ఒకసారి వెళ్ళి తలుపు కొట్టాను.

“అయ్యా, పైకి అందనప్పుడు కాస్త కిందనుంచి ఎత్తుకోవచ్చు కదా?”

తనను గుండు చేయించుకోమని నేనన్నట్టు చూశాడు. “అది ఆ శ్రుతిలోనే పుట్టింది ఆంటీ. దించితే అది నా పాట కాదు.”

మాకు ఇదేమీ అర్థమయ్యే సంగతి కాదు. మా బిల్డింగులో శనివారాలు కింద హాల్లో భజన చేస్తాం. ఎవరు అందుకుంటే వాళ్ళ గొంతుకు తగ్గట్టు హార్మోనియం మారుతుంది. పెద్దావిడ పాడితే బాగా కిందికి దించుతాం, ఆవిడ కోసం అందరం కిందే పాడతాం. అందులో చిన్నతనం ఏముంది? ఈయన్ని ఒకసారి తీసుకెళ్ళాను. పాటపాటకూ శ్రుతి మారుతుంటే పళ్ళ నొప్పి వచ్చినవాడిలా మొహం పెట్టాడు. పెద్దావిడ పాట రాగానే లేచాడు. లేచినవాడు ఊరికే పోయాడా, ప్రసాదం గిన్నె దగ్గర ఆగి రెండు చేతులా పెట్టించుకుని మరీ పోయాడు.

కిందటేడు వసంతంలో ఒకరోజు తలుపు దబదబా కొట్టాడు. తీస్తే, మొహం వెలిగిపోతోంది.

“పిలిచారు ఆంటీ! వాళ్ళు పిలిచారు!”

మొదటి బ్యాండు స్నేహితులు. టొరంటోలో ఒక్కసారి, ఆఖరుసారి అందరూ కలిసి వాయిస్తారట. గిటార్ ఆయనకు వేళ్ళు బిగుసుకుపోతున్నాయి, ఇక వచ్చే ఏడు అనే మాట లేదు. ఆ పాట పాడటానికి ఈయన రావాలి. ఆ పూట మా ఇంట్లో కంచం ఖాళీ చేశాడు. ఫోను మోగినప్పుడల్లా ఉలిక్కిపడి చూడటం నేను ఎన్నిసార్లు చూశానో. ఈ పిలుపు కోసమే అని అప్పుడు తెలిసింది.

వారం తిరక్కుండానే మళ్ళీ వచ్చాడు. ఈసారి మొహం వేరు. శ్రుతి రెండు మెట్లు దించి వాయిస్తామన్నారట. కుదరదన్నాడట.

“కుదరదంటే?”

“వెళ్ళను.”

“నీ గొంతు ఒప్పుకోదు. అతని వేళ్ళు ఒప్పుకోవు. మధ్యన నువ్వొక్కడివి ఒప్పుకోవడానికి ఏమయ్యా?” అన్నాను. మా అమ్మాయి దాన్ని మెత్తగా చేసి ఇంగ్లీషులో చెప్పబోయింది. “మెత్తగా చెప్పకు” అన్నాను.

అలా రోజులు గడుస్తుంటే, ఒక మధ్యాహ్నం వరండాలో కేకలు.

“లోపలికి రావడానికి వీల్లేదు!”

“విమానంలో కూర్చుని కూర్చుని నడుం విరిగి వచ్చాను రా ముసలోడా. నీళ్ళయినా ఇవ్వవా?”

తలుపు తీసి చూశాను. బట్టతల, పొట్టి మనిషి, చేతులకు ఉన్ని గ్లౌజులు. గిటార్ ఆయన. ఇంగ్లండు నుంచి తిన్నగా ఇక్కడికే వచ్చాడు.

“వాట్ ఈజ్ దిస్ షౌటింగ్? పప్పు మాడిపోతోంది. కమ్ ఇన్‌సైడ్. బోత్!”

“ఎవరీవిడ?” అన్నాడు గిటార్ ఆయన.

“ఆంటీ.”

“నీకు ఇండియాలో మేనత్త ఉందా? ఎప్పుడూ చెప్పలేదే!”

“నోరు మూసుకుని లోపలికి పద.”

కూర్చోబెట్టి వడ్డించాను. టమాటా పప్పు, బీన్స్ వేపుడు, గోంగూర పచ్చడి. గిటార్ ఆయన వేళ్ళు గ్లౌజు తీస్తే వంకర్లు తిరిగి ఉన్నాయి, చెంచా నిలవడం లేదు. మాలాగే చేత్తో తినమన్నాను. బతికిపోయినట్టు చూసి పప్పన్నం కలుపుకున్నాడు. ఆ రోజు మా అమ్మాయికి సెలవు. నా పక్కన కూర్చుని చెవిలో అన్నీ చెబుతోంది.

“రెండు మెట్లు. అంతే కదరా నేను అడిగింది” అన్నాడు గిటార్ ఆయన.

“రికార్డులో ఎలా ఉందో అలాగే. జనం దానికోసం వస్తారు. నేను పాడినదాని కోసం వస్తారు.”

గిటార్ ఆయన కలపడం ఆపాడు.

“రికార్డులో ఉన్నది నువ్వు పాడింది కాదు.”

“ఏంటీ?”

“పాట మందంగా ఉంది, హుషారు చాలదు అని ఆ రికార్డు చేసినాయన టేపును కాస్త వేగంగా తిప్పాడు. వేగం పెరిగితే గొంతూ పైకెళ్తుంది. మేం నలుగురం అక్కడే ఉన్నాం. నువ్వు లేవు. టీ చల్లగా ఇచ్చారని అలిగి అప్పటికే లేచిపోయావు.”

మా అమ్మాయి నాకు చెప్పడం మర్చిపోయి నోరు తెరుచుకు కూర్చుంది. నేను మోచేత్తో పొడిచాక చెప్పింది.

“మరి నాకు చెప్పలేదేం?” అన్నాడు ఈయన.

“మర్నాడు వచ్చి విన్నావు. ‘ఇంత పైకి నేను వెళ్ళగలనా!’ అన్నావు. అప్పుడు నీ మొహం నువ్వు చూసుకోలేదు, నేను చూశాను. ఎవడు చెబుతాడు రా? తర్వాత స్టేజీ మీద మామూలు ఎత్తులో వాయిస్తే, చప్పగా ఉంది, రికార్డులోలా వాయించమన్నావు. నీకోసం తీగలు బిగించాను. రోజూ ఒక తీగ తెగేది. ఒక్కసారి, ఒక్కసారి దించుదామా అన్నాను. ఆ పోవడం పోయావు.”

“అమ్మా, మెషీన్ చేసిన గొంతుతో పోటీ పడుతున్నాడే పాపం ఇన్నేళ్ళూ” అంది మా అమ్మాయి మెల్లిగా.

నాకు జాలి రాలేదు. మండింది. ఇద్దరి మీదా. ఒకడు టీ చల్లారిందని బతుకంతా గొంతు చింపుకున్నాడు. ఇంకొకడు ఒక్క మాట చెప్పలేక తీగలు బిగిస్తూ కూర్చున్నాడు. ఇదేం స్నేహమయ్యా, తిట్టడం కూడా రాని స్నేహం! తెలుగులోనే అనేశాను. ఎవరూ తర్జుమా చేయలేదు.

ఈయన కుర్చీ వెనక్కి తోసి లేచాడు. తలుపు దడాలున వేసుకుని పోయాడు.

“మళ్ళీ పోయాడు” అన్నాడు గిటార్ ఆయన.

“యూ ఈట్” అని పెరుగు వేశాను. ఇంకేం చేయను?

కాసేపటికి గోడవతల కుళాయి తిప్పిన చప్పుడైంది. ఆగింది. తర్వాత పాట మొదలైంది. కిందనుంచి. బాగా కిందనుంచి, దారి తెలియని చోట గోడ పట్టుకుని నడిచినట్టు. గిటార్ ఆయన పెరుగన్నం చెయ్యి గాల్లోనే ఉండిపోయింది. పాట ఎక్కాల్సిన చోట ఎక్కింది. చీరుకుపోయే చోటు వచ్చింది, దాటిపోయింది. అన్నాళ్ళుగా వింటున్నా ఆ పాట చివర ఎలా ఉంటుందో ఆయన గొంతులో విన్నది అప్పుడే.

ఆ తర్వాత మా తలుపు దబదబా.

“దరిద్రంగా ఉంది! చచ్చిన పాటలా ఉంది! రెండు మెట్లు కాదు, ఒకటిన్నర.”

“రెండు” అన్నాడు గిటార్ ఆయన కళ్ళు తుడుచుకుంటూ. గోంగూర కారం అని ముందే చెప్పాను, ఆ కారమే అనుకుందాం.

“ఒకటిన్నర!”

గరిటెతో బల్ల మీద కొట్టాను. “టూ! ఫినిష్! సిట్ అండ్ ఈట్ కర్డ్!”

“పెరుగు గొంతుకు మంచిది కాదు ఆంటీ” అని గొణుక్కుంటూనే కూర్చున్నాడు.

టొరంటోకు మమ్మల్నీ తీసుకెళ్ళాడు. చెవుల్లో దూది పెట్టుకుని కూర్చున్నాను. మా అమ్మాయి ఆ పాట మొత్తం ఫోనులో వీడియో తీసింది. పాడాడు. రెండు మెట్లు దించే. ముందు వరసలో ఎవడో “పైకి! పైకి!” అని అరిచాడు. ఈయన చెయ్యి మైకు మీద బిగుసుకోవడం నేను కూర్చున్న చోటికి కనిపించింది. ఇంక లేచిపోతాడు అనుకున్నాను. గిటార్ ఆయన వైపు చూశాడు, అక్కడే నిలబడ్డాడు. పాట అయ్యాక కూడా నిలబడ్డాడు. మిగతావాళ్ళంతా దిగిపోయినా, ఇక దిగమని ఎవరో వచ్చి చెప్పేదాకా.

ఆ తర్వాత పొద్దుటి పూట గోడవతల ఏ చప్పుడూ లేదు. పాలు ప్రశాంతంగా కాచుకున్నాను. ఫిబ్రవరిలో నిద్రలోనే పోయాడు. గుండె అన్నారు.

అంత్యక్రియల హాల్లో ఏర్పాట్లు చేసింది ఆయన రెండో భార్య కొడుకు. వాటర్లూలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం, నెమ్మదైన మనిషి. నల్ల టీషర్టుల మీద బ్యాండు బొమ్మ వేసుకున్న ముసలివాళ్ళు చాలామంది వచ్చారు. గిటార్ ఆయన రాలేకపోయాడు. అందరూ కూర్చున్నాక ఆ పాట పెట్టారు. రికార్డుది. ఆ అరుపు రాగానే నల్ల టీషర్టులు కళ్ళు తుడుచుకోవడం మొదలుపెట్టాయి.

నాకు కూర్చోబుద్ధి కాలేదు. “ఆపమనవే. అది ఆయన గొంతు కాదు” అన్నాను.

“అమ్మా, ప్లీజ్. అందరూ చూస్తున్నారు.”

“చూడనీ. పోయేటప్పుడైనా మనిషి సొంత గొంతుతో పోవద్దూ?”

అది లేవలేదు. నేనే లేచి వెళ్ళి ఆ అబ్బాయి ముందు నిలబడ్డాను. “స్టాప్. నాట్ హిజ్ వాయిస్.” అతను బిత్తరపోయాడు. మా అమ్మాయి మొహం ఎర్రగా చేసుకుని వెనకాలే వచ్చి, టేపు సంగతి, టొరంటోలో తీసిన వీడియో సంగతి గబగబా చెప్పింది. అతను నన్ను చూశాడు, మా అమ్మాయి చేతిలో ఫోను చూశాడు, పాట ఆపి ఆ ఫోనుకు వైరు తగిలించాడు.

హాల్లో ముందు వినిపించింది నా గొంతు. స్పీకర్లు అదిరేలా, తెలుగులో. “ఈ కుర్చీలో నడుం పడిపోతోందే. ఇంకా మొదలెట్టడేం? ఇంట్లో లైట్లు ఆర్పే వచ్చావా?” తలలన్నీ నా వైపు తిరిగాయి. మా అమ్మాయి నేల వైపు చూసింది.

తర్వాత ఆయన మొదలుపెట్టాడు. అరిగిపోయిన గొంతు, అక్కడక్కడా గరగర. అరుపు రావలసిన చోట నల్ల టీషర్టులు గడ్డాలు పైకెత్తి ఎదురుచూశాయి. అరుపు రాలేదు. తన గొంతు ఎంతవరకు వెళ్తుందో అంతవరకు వెళ్ళి, అక్కడ ఆగి, వణుకుతూ నిలబడ్డాడు. చివర చిన్న దగ్గు. చప్పట్ల మధ్య మళ్ళీ నా మాటే ఏదో వినిపించి వీడియో ఆగిపోయింది.

ఆ అబ్బాయి మెల్లిగా అడిగాడు, చివర ఆవిడ ఏమంది అని.

“బాగా పాడాడు అంది” అని ఇంగ్లీషులో చెప్పింది మా అమ్మాయి.

“రెండో ముక్క కూడా చెప్పు” అన్నాను.

“అమ్మా, ఇక్కడ వద్దే.”

“చెప్పు. ఆయనకు చెప్పిందే కదా.”

చెప్పింది. “ఈ మాత్రం దానికి ఇన్నేళ్ళు గొంతు చింపుకున్నాడు, మూర్ఖుడు అంది.”

నల్ల టీషర్టుల్లో ఎవరో గట్టిగా నవ్వారు. ఆ తర్వాత అందరూ.